ఇరవై ఐదు జపాను మాటలు

గల్ఫ్‌లోని మా క్లినిక్‌లో మాటల జాబితాలు ఆరు భాషల్లో ఉన్నాయి. అరబ్బీ, ఇంగ్లీషు, హిందీ, మలయాళం, బెంగాలీ, తెలుగు. తెలుగుది నేనే తయారు చేశాను. నా ఉద్యోగం వినికిడి పరీక్షలు చేయడం. వచ్చిన మనిషిని అద్దపు కిటికీ ఉన్న చిన్న నిశ్శబ్దపు గదిలో కూర్చోబెట్టి, తలుపు వేసి, ఇవతల నుంచి మైకులో ఒక్కొక్క మాటే చెబుతాను. విన్నది విన్నట్టు వాళ్లు తిరిగి అనాలి. పెదవులు చూసి కనిపెట్టకుండా నోటికి ఒక అట్ట అడ్డం పెట్టుకుంటాను. నలుగురిలో నోరు విప్పని నాకు దేవుడు వెతికి మరీ ఇచ్చిన ఉద్యోగం ఇదని అమ్మ అంటుంది.

పోయిన ఏడాది ఎండలు ముదరకముందు ఒక పెద్దావిడ కూతురి వెంట వచ్చారు. డెబ్బై దాటిన జపాను మనిషి. అల్లుడు ఇక్కడ ఒక ఇంజనీరింగు కంపెనీలో పని చేస్తాడు, ఇల్లు మా క్లినిక్ ఉన్న సీబ్ ఊళ్లోనే, సముద్రం వైపు. ఫారంలో వృత్తి అన్న చోట కూతురు ‘రిటైర్డ్’ అని రాసింది. ఆవిడ కాగితం లాక్కుని ఆ మాట కొట్టేసి, పక్కన జపానులో ఏదో రాశారు. ఏమిటని అడిగితే కూతురు కొంచెం ఇబ్బంది పడి, నటి అని రాసిందని చెప్పింది.

ఆవిడ చెవులకు బరువైన శబ్దాలు బాగానే అందుతున్నాయి. సన్నటివి, అంటే స, ష, త లాంటివి, దాదాపు అందడం లేదు. ఇలాంటి చెవికి మాట్లాడుతున్నారని తెలుస్తుంది, ఏం మాట్లాడుతున్నారో తెలియదు. ఎంత తెలుస్తోందో చూడాలంటే మాటల పరీక్ష చేయాలి, జపాను జాబితా మా దగ్గర లేదు. కూతురిని చదవమన్నాను. ఆవిడ ఒప్పుకోలేదు. దాని గొంతు అది నా కడుపులో ఉన్నప్పటి నుంచీ తెలుసు, అదేం పరీక్ష అన్నారట. కూతురు అనువదించి, తనే నవ్వింది.

అలా నేను జపాను నేర్చుకున్నాను. నేర్చుకున్నానంటే ఇరవై ఐదు మాటలే. కూతురు పలికి వినిపిస్తే తెలుగులో రాసుకున్నాను. ఇను, నెకో, మిజు, యమా, సోరా, కసా. కుక్క, పిల్లి, నీళ్లు, కొండ, ఆకాశం, గొడుగు. మన అక్షరాల్లో అవి ఎక్కడా ఇరుకు పడలేదు. డైరీలో ఒక పేజీ నిండా రాసుకుని, వారం రోజులు బెండకాయలు తరుగుతూ, బట్టలు మడతపెడుతూ గొణుక్కున్నాను. అమ్మ విసుక్కుంది.

“ఏంటే ఆ సణుగుడు? అనేదేదో నా మొహం మీదే అను, పడతాను.”

మైకు గొంతు బాగా పెంచి నేను చదివితే ఆవిడ ఇరవై ఐదింటిలో పదిహేడు సరిగ్గా చెప్పారు. తప్పిన ఎనిమిదీ ఏమిటో కూతురు తరువాత ఆవిడకు చెప్పింది. నేను పలికిన తీరుకు ఆ మాత్రం అందడమే గొప్ప అనుకుని వినికిడి యంత్రాలకు కొలతలు తీసుకున్నాను.

వినికిడి యంత్రం ఒక్క రోజులో సరిపోదు. మూడు నాలుగుసార్లు పిలిచి, కంప్యూటరుకు తగిలించి, కొంచెం కొంచెం పెంచుతూ ఎలా ఉందో అడగాలి. ఒక్కోసారి ముప్పావుగంట పడుతుంది. ఆ ముప్పావుగంటల్లో ఆవిడ తన కథ చెప్పేవారు. ఆవిడ చెప్పడం, కూతురు ఇంగ్లీషులోకి మార్చడం, నేను తల ఊపడం. ఇంటికొచ్చి అంతా డైరీలో తెలుగులో రాసుకునేదాన్ని.

ఉత్తరాన ఒక చేపల రేవు ఆవిడ ఊరు. తండ్రికి బియ్యం కొట్టు. పద్దెనిమిదేళ్లకు పెద్ద ఊరికి వెళ్లి నాటక బృందంలో చేరారు. మూడేళ్లు వేషం ఇవ్వలేదు. తెర పక్క చీకట్లో మోకాళ్ల మీద కూర్చుని, ఎవరైనా మాట మరిచిపోతే గుసగుసగా అందించే పని ఇచ్చారు. ఆ మూడేళ్లలో పదకొండు నాటకాలు, రాజు మాటల దగ్గర్నుంచి వంటమనిషి మాటల దాకా, మొత్తం కంఠస్థం. మొదటి వేషానికి ఒకే ఒక వాక్యం. “స్నానానికి నీళ్లు కాగాయి.” ఆ వాక్యాన్ని ఆవిడ మా పరీక్ష గదిలో లేచి నిలబడి, అప్పటిలాగే వంగి, చెప్పి చూపించారు. ఒంట్లో ఎక్కడా డెబ్బై ఏళ్లు కనిపించలేదు.

సినిమావాళ్లు పిలిచింది అందం చూసి కాదట. నిండు టీ పళ్లెంతో నాలుగు గదులు దాటి వచ్చి, చుక్క ఒలకకుండా కూర్చోగలదని ఎవరో చెప్పారట. ఆ రోజుల్లో ఫిలిం ఖరీదు, రెండోసారి తీయాల్సిన పని లేని మనిషి కావాలి. సత్రం యజమానురాలు, మేనత్త, నర్సు, పక్కింటావిడ. తరువాత టీవీ. ఒక సీరియల్లో కోడలిని పస్తులు పెట్టే అత్తగా రెండేళ్లు చేస్తే, కూరగాయల బజారులో ఒకావిడ ముల్లంగి అమ్మనని మొహం తిప్పుకుందట. నలభై ఏళ్లలో దేశమంతటికీ నా మొహం తెలుసు, నా పేరు మటుకు పోస్టుమనిషికే తెలుసు అన్నారు.

నేను ఇంట్లో ఫోనులో ఆవిడ నటించిన ఒక పాత సినిమా వెతికి చూశాను. నాలుగు నిమిషాలే కనిపించారు. హీరో ఏడుస్తుంటే ఆవిడ టీ పోసి, కప్పు అతని చేతికి దగ్గరగా జరిపి, వెళ్లిపోతారు. మాట లేదు. హీరో ఏమన్నాడో ఇప్పుడు గుర్తులేదు, ఆ కప్పు జరపడం గుర్తుంది.

యాభై దాటాక మళ్లీ నాటకాలకే వచ్చేశారు. ఆరేళ్ల కిందట మానేసి కూతురి దగ్గరికి వచ్చారు. నడుము నొప్పి వల్ల మానేసిందని కూతురు చెప్పింది.

ఇప్పుడు పాత బృందంలో తోటి మనిషి ఒకాయన కొత్త నాటకం వేస్తూ ఆవిడను రమ్మన్నారు. తల్లి వేషం. చివరి రంగంలో ఆవిడ రంగస్థలం అంచున, ప్రేక్షకుల వైపు తిరిగి కూర్చుని బట్ట కుడుతుంటారు. వెనక చీకట్లోంచి కొడుకు వచ్చి మాట్లాడతాడు. రంగం చివరిదాకా తల్లి వెనక్కి తిరగకూడదు, విని జవాబు చెప్పాలి. చెవులు చూపించుకుని చెబుతానని ఆవిడ గడువు అడిగారట. యంత్రాల సంగతి ఆయనకు తెలుసు, దానికి అభ్యంతరం లేదు. వినబడుతుందా లేదా అన్నదొక్కటే ప్రశ్న.

రెండోసారి యంత్రాలతో అదే జాబితా చదివాను, ఈసారి బాగా తగ్గు గొంతుతో. ఆవిడ ఇరవై ఐదుకు ఇరవై ఐదూ చెప్పారు. ఇంత మంచి ఫలితం నేను చూడలేదు. రిపోర్టు రాసి డాక్టరుగారి సంతకం పెట్టించి ఇచ్చాను. ఆవిడ రెండు చేతులతో అందుకుని తల వంచారు. నన్ను ‘సెన్సే’ అని పిలిచేవారు, మాస్టారు అన్నట్టు. ఆ రోజు నిజంగానే మాస్టారినయ్యానని డైరీలో రాసుకున్నాను. ఆ సాయంత్రమే ఆవిడ నాటకం వేసే ఆయనకు ఫోను చేసి సరే అన్నారట.

మూడోసారి పిలవడం మామూలు తనిఖీకి. అదే జాబితా తీశాను. అట్ట ఎత్తి ఇను అన్నాను, ఆవిడ ఇను అన్నారు. నెకో, నెకో. నాలుగు మాటలయ్యాక నా చూపు ముందున్న పరీక్ష యంత్రం మీద పడింది. నా గొంతు లోపలికి వెళ్తుంటే ఒక పచ్చ గీత ఎగిరెగిరి పడాలి. అది కదలడం లేదు. మైకు బొత్తాం నేను నొక్కనేలేదు.

నేను ఆగిపోయాను. కానీ అట్ట ఎత్తే ఉంచాను. మాట అనకుండా, ఊపిరి పీల్చి, భుజాలు కొంచెం ఎత్తాను. కిటికీ అవతల ఆవిడ శ్రద్ధగా, “సోరా” అన్నారు. మళ్లీ భుజాలు ఎత్తాను. “కసా.”

వరుస తప్పకుండా జాబితా చివరిదాకా చెప్పారు. నేనొక్క మాట కూడా అనలేదు.

జాబితాలు ఒకటికి రెండు ఉండాలనీ, ఒక్కటే ఉంటే వరుస మార్చి చదవాలనీ మొదటి ఏడాదిలోనే నేర్పుతారు. మా దగ్గరికి వచ్చే మేస్త్రీలకో, ముసలి జాలర్లకో ఇరవై ఐదు మాటల వరుస ఒక్కసారి వింటే గుర్తుండదు కదా అని నేను ఎప్పుడూ అదే వరుసలో చదివేదాన్ని. పదకొండు నాటకాలు కంఠస్థం చేసిన మనిషిని కూడా అలాగే కూర్చోబెట్టాను. ఆవిడ ఆ సంగతి నాకు ముందే చెప్పారు కూడా. నేను దాన్ని మంచి కథ అని డైరీలో రాసుకున్నాను తప్ప, నా పనికి సంబంధించిందని తోచలేదు.

ఆ పూట ఏమీ చెప్పలేక పంపించేశాను. మర్నాడు డాక్టరుగారికి చెప్పాను. ఆయన కోప్పడలేదు, వాళ్లకు నువ్వే చెప్పాలి, ఫోనులో చెప్పకు అన్నారు. మధ్యాహ్నం ఒంటిగంట నుంచి నాలుగు దాకా క్లినిక్ మూత. ఆ వేళలో మా డ్రైవరు అన్నను తీసుకెళ్లమని అడిగాను. అన్న ఊరు జగిత్యాల వైపు. ఈ దేశంలోనే లోపలి వైపు ఇబ్రి అనే ఊళ్లో పదేళ్లు కట్టడాల సైట్ మీద పని చేసి, ఇప్పుడు మా క్లినిక్ బండి నడుపుతున్నాడు. దారిలో నా మొహం చూసి ఏమైందని అడిగితే చెప్పేశాను.

“ఇగో చెల్లె, సైట్ల పిల్లర్ వంకరొచ్చిందనుకో. స్లాబ్ పడకముందే చెప్తే ఒక్క తిట్టు. పడ్డంక చెప్తే కంపెనీయే ఉండది. నువ్వు ముంగటనే పోతున్నవ్, ఏం గాదు,” అన్నాడు.

వాళ్లింట్లో చెప్పులు విడిచి, చాప మీద కూర్చుని, కూతురికి చెప్పాను. నా రిపోర్టు తప్పు అన్నాను. మైకు సంగతి, భుజాల సంగతి అంతా చెప్పాను. కూతురు అంతా తల్లికి చెప్పింది. ఆవిడ మోసం చేశారన్న మాట ఎక్కడా రాకూడదని నా భయం. ఆవిడ మొహంలో కోపం రాలేదు, ఆశ్చర్యం వచ్చింది.

“వినిపించిందనే అనుకున్నాను,” అన్నారు. “ఈ అమ్మాయి గొంతుతోనే వినిపించింది.”

తరువాత కిందికి చూస్తూ మెల్లగా ఏదో చెప్పడం మొదలుపెట్టారు. కూతురు రెండు వాక్యాలు ఇంగ్లీషులోకి మార్చింది. మూడో వాక్యం దగ్గర ఆగిపోయి, తల్లి వైపు తిరిగి, జపానులోనే ఏదో అడిగింది. నాకు అనువదించాలన్న సంగతే మరిచిపోయింది. కొంతసేపటికి గుర్తొచ్చి, ఇది నాకూ ఇప్పుడే తెలిసింది అంటూ చెప్పింది.

చెవులు తగ్గడం మొదలై పదిహేనేళ్లయిందట. ఎవరికీ తెలియనివ్వలేదు. అందరి మాటలూ వచ్చు కాబట్టి, ఎదుటివాళ్ల ఊపిరి, భుజాలు చూస్తూ తన వంతు అందుకునేవారు. ఆరేళ్ల కిందట ఒకరోజు, ఆవిడ అటు తిరిగి టీ పోస్తుండగా, ఒక కుర్ర నటుడు కంగారులో రెండు మాటలు దాటేశాడు. ఆవిడ అతను అననే అనని మాటకు జవాబిచ్చారు. మిగిలినవాళ్లు ఎలాగో సర్దారు. ఎవరూ ఒక్క మాట అనలేదట, తప్పు ఆ కుర్రాడిదనే అనుకున్నారట. అతను తెర వెనక నేలమీద తల ఆనించి ఆవిడకు క్షమాపణ చెప్పాడు. ఆవిడ నోరు విప్పలేదు. ఆ నెలాఖరుకు నడుము నొప్పి అని చెప్పి వచ్చేశారు.

“ఇంకోసారి అది జరగకూడదు,” అన్నారు. “వినపడదంటే చెప్పేయి సెన్సే. ఈరోజే ఫోను చేసి రానని చెబుతాను.”

నాకు ఎంత కష్టమైన మాటైనా తల ఊపి ఊరుకోవడం అలవాటు. ఆ రోజు ఊరుకోవడానికి వీల్లేకపోయింది. వినపడదని నేను అనడం లేదు, ఎంత వినపడుతుందో నాకింకా తెలియదు, మూడు వారాలు ఇవ్వండి అన్నాను. యంత్రాలను తప్పుడు ఫలితం నమ్మి తక్కువలో ఆపేశాను, ఇంకా పెంచే చోటు ఉంది. ఆవిడ గోడమీది క్యాలెండరు చూసి, మూడు వారాలు అన్నారు.

ఈసారి కూతురు వంద మాటలు చెప్పింది. ఒక్కొక్కటి ఒక్కో చీటీ మీద రాశాను. వాటిని కలిపి, అందినది తీసి, ఆవిడ వెనక నిలబడి, మైకు లేకుండా మామూలు గొంతుతో చదివాను. మొదటి రోజు ఇరవై ఐదింటిలో తొమ్మిది. నిజమైన అంకె అది. ఆవిడ తల ఊపారు, నేను సన్నటి శబ్దాలు పెంచాను. చెవిలో పెట్టే రబ్బరు బిరడా మార్చాను. గిన్నె తాకితే గుచ్చుకుంటోందనీ, ఏసీ రైలులాగా మోగుతోందనీ కూతురు ఫోను చేసేది. తగ్గించనా అంటే, వద్దంటోంది, అలవాటు చేసుకుంటానంటోంది అనేది. రెండో వారం పదహారు. మూడో వారం ఇరవై దగ్గర ఆగిపోయింది. అంతకు మించి ఆ చెవి రాదు, నాకు తెలుసు.

ఇరవైతో నాటకం ఆడవచ్చో లేదో ఏ పుస్తకంలోనూ లేదు. అందుకని ఆఖరి పరీక్ష నేనే ఆలోచించాను. నాటకంలోలాగే మగ గొంతు కావాలి, దూరం కావాలి, వెనక నుంచి రావాలి. క్లినిక్ మూసే వేళలో రోగులు కూర్చునే హాలులో ఆవిడను ఈ చివర కుర్చీలో, గోడ వైపు తిప్పి కూర్చోబెట్టాం. ఆ చివర డ్రైవరు అన్న. ఏసీలన్నీ వేసే ఉంచాను. అన్న చేతిలో పన్నెండు చీటీలు. అయిదింటి మీద “అమ్మా, నేనొచ్చాను” అని, నాలుగింటి మీద “ఇంట్లో ఇంకెవరున్నారు?” అని, జపానులో, తెలుగు అక్షరాలతో. రెంటికీ వేరువేరు జవాబులు. మిగిలిన మూడూ ఖాళీ.

“గీ ఖాళీది వస్తే ఏం జెయ్యాలె?”

“చదవబోయేవాడిలాగే ఊపిరి తీసుకుని, ఊరుకో అన్నా.”

“గదా? గది నాకలవాటే. మా ఇంటామె ఫోన్ల మాట్లాడుతుంటె రోజు గదే జేస్త,” అన్నాడు. కూతురికి అర్థం కాక నా వైపు చూసింది. నేను అనువదించలేదు.

అన్న పేకముక్కలు కలిపినట్టు కలిపి మొదటి చీటీ చదివాడు. ఏ దీవిలోనూ లేని జపాను అది అని కూతురు తరువాత చెప్పింది. ఆవిడ చేతిలో సూదీ దారం ఉన్నట్టు కుడుతూనే, సరైన జవాబు ఇచ్చారు. రెండోదీ సరే. మూడోదీ. నాలుగో చీటీ తీసి అన్న ఊపిరి గట్టిగా పీల్చాడు. నోరు తెరవలేదు. ఖాళీ చీటీ.

నేను గడియారం చూడలేదు, ఎంతసేపని చెప్పలేను. ఆవిడ చేయి పైకి వెళ్లి, లేని దారాన్ని లాగి, మళ్లీ కిందికి వచ్చింది. మళ్లీ పైకి వెళ్లింది. మాట రాలేదు. ఆవిడ మెడ కొంచెం వంగింది, కొడుకు వస్తాడేమోనని చెవి పెట్టిన తల్లిలాగా. మాటలు చెప్పినప్పుడు నమ్మలేదు నేను, ఇప్పుడు నమ్మాను. ఏమీ వినబడలేదు కాబట్టి ఆవిడ ఏమీ అనలేదు.

పన్నెండుకు పన్నెండూ సరిపోయాయి. ఒకచోట మటుకు కొంచెం ఆలస్యంగా అందుకున్నారు. అన్న చీటీలు బల్లమీద పెట్టి, “అమ్మా, పాస్ అయినవ్,” అని తెలుగులోనే చెప్పాడు. ఆవిడ లేచి అతనికి నడుము దాకా వంగి నమస్కరించారు. అన్న కూడా కంగారుగా వంగాడు. పాత రిపోర్టు వెనక్కి తీసుకుని, నా తప్పు, ఇరవై అన్న అంకె, హాలులో చేసిన పరీక్ష, అన్నీ రాసి కొత్తది ఇచ్చాను. నాటకం ఆయనకు పంపండి అన్నాను. ఆయన చదివి, రమ్మన్నారు. తల్లీకూతుళ్లు జపాను వెళ్లారు.

నాటకం మొదటి ప్రదర్శన రోజు నాకు డైరీలో రాసుకోనక్కర్లేకపోయింది. అక్కడ సాయంత్రం అంటే ఇక్కడ మధ్యాహ్నం. ఇంటికి భోజనానికి వచ్చాను. అమ్మ పప్పుచారు పోస్తూ, అంతసేపు నాటకమా, చెవిలో అవి బ్యాటరీలతో నడుస్తాయన్నావు కదా, కొత్తవి వేసుకుందా మరి అని అడిగింది. నేను యంత్రం గురించి వంద సంగతులు చెప్పి పంపాను, ఈ ఒక్కటి చెప్పానో లేదో గుర్తు రాలేదు. ముద్ద చేతిలో ఉండగానే ఎడమచేత్తో కూతురికి మెసేజ్ పెట్టాను. అప్పటికే తెర లేచి ఉంటుంది. జవాబు లేదు.

“తిను ముందు. నువ్వు పస్తుంటే అక్కడ దీపం వెలుగుతుందా?” అంది అమ్మ. అంటూనే తనూ నా ఫోను వైపే చూస్తూ కూర్చుంది.

క్లినిక్‌కు బయలుదేరే వేళకు ఫోను మోగింది. మెసేజ్ కాదు, కూతురే మాట్లాడింది. వెనక జనం గోల. విరామంలో మా అమ్మే గుర్తుపెట్టుకుని బ్యాటరీలు మార్చుకుంది అంది. చివరి రంగంలో కొడుకు వేసిన నటుడు చీకట్లో కాలికి ఏదో తట్టుకుని, చాలాసేపు నోరు విప్పలేదట. ఆవిడ కుడుతూ కూర్చున్నారట, అతను మాట్లాడేదాకా.

ఫోను పెట్టేశాక ఏమైందని అమ్మ అడిగింది. బ్యాటరీలు ఆవిడే మార్చుకున్నారట అన్నాను. కొడుకు మాట్లాడేదాకా ఆగారట అన్నాను. నేను సగంలో వదిలేసిన కంచం అమ్మ తీసి, ఇంకాస్త అన్నం పెట్టింది. బండి బయట ఆగి ఉంది. అన్నకు చెప్పాలి. ఓ అయిదు నిమిషాలు ఆగమని సైగ చేసి, కూర్చుని కడుపు నిండా తిన్నాను.